వెనకగదిలోని నటుడు

మొన్న ఆదివారం భోజనాలయ్యాక మా మనవడు తన ఫోన్ తెచ్చి నా కళ్ళముందు పెట్టాడు. "గెతే, అవ్వా, చూడు. నువ్వెప్పుడూ చెప్పే మిస్యే ఒతో ఈయనేనా?" అన్నాడు. కళ్ళజోడు సర్దుకుని చూశాను. నలుపు తెలుపుల పాత సినిమా ముక్క. ఏదో పెద్ద హోటలు. పొడుగ్గా, సన్నగా, జుట్టు నూనె రాసి వెనక్కి దువ్వుకున్న ఒక వెయిటరు అరచేతిమీద పళ్ళెం, పళ్ళెంలో గిన్నెల దొంతర పెట్టుకుని, అటు నడకా కాని ఇటు పరుగూ కాని ఒక తీరులో బల్లల మధ్యనుంచి వస్తున్నాడు. గడప తగిలి తూలాడు. పళ్ళెం పడలేదు, గిన్నెలు పడలేదు, అతని పెట్టుడు మీసం మాత్రం ఊడి ఒక దొరసాని సూపులో పడింది. అతను ఆ మీసాన్ని చెంచాతో మర్యాదగా తీసి, జేబుగుడ్డతో తుడిచి, మళ్ళీ పెట్టుకున్నాడు. మా మనవడు పగలబడి నవ్వాడు. నేనూ నవ్వాను. నవ్వుతూనే కొంగు కళ్ళకి అడ్డం పెట్టుకున్నాను. తెరమీది ఆ కుర్రాడికి ముప్ఫయ్యేళ్ళు కూడా ఉండవు. మా అబ్బాయికంటే చిన్నవాడు. నేనెరిగిన ఒతో హలుపాకి నా చిన్నప్పుడే జుట్టు నెరిసింది. ఆఫ్రికా పక్కనున్న మా దీవిలో, బో బాసాఁ ఊళ్ళో, మా ఇంటి వెనకగదిలో ఇరవయ్యేళ్ళకు పైగా ఉన్న మనిషిని, ఆయన పని ఆయన చేస్తుండగా సినిమాలో చూడటం డెబ్భై దాటాక నాకదే మొదటిసారి.

ఆయన మా ఇంటికి నేను పుట్టకముందే వచ్చాడు. యుద్ధకాలంలో ఇంగ్లీషువాళ్ళు ఓడల్లో యూదుల్ని తెచ్చి బో బాసాఁ జైల్లో పెట్టిన సంగతి మా ఊరి పెద్దవాళ్ళందరికీ తెలుసు. వాళ్ళు ఏ నేరమూ చెయ్యలేదు. హిట్లర్ నుంచి తప్పించుకుని పాలస్తీనా చేరితే అక్కడ దిగనివ్వక ఇంత దూరం పంపేశారు. మా తాత ఆ జైలు తోటలో కూరగాయలు పండించే పనిలో ఉండేవాడు. యుద్ధం అయిపోయి తలుపులు తెరిచినప్పుడు దాదాపు అందరూ ఓడెక్కారు. ఒతోకి అప్పుడు మలేరియా జ్వరం. జ్వరం తగ్గాక కూడా ఆయన వెళతానని అనలేదు. తల్లీ, చెల్లెలూ, చెల్లెలి కూతురూ, ఒక్కరూ మిగల్లేదని అప్పటికే కబురొచ్చింది. "రెండు వారాలు మనింట్లో ఉంటాడు, ఒంట్లో సత్తువ రానీ" అని తాత ఆయన్ని చెయ్యి పట్టుకుని తీసుకొచ్చాడట. తాత పోయాడు, మా నాయనకి పెళ్ళయింది, నేను పుట్టాను, నా తమ్ముడు పుట్టాడు. ఆ రెండు వారాలు మాత్రం అవలేదు.

వెనకగది అంటే వంటింటికి ఆనుకుని రేకులు దించిన చిన్న గది. పొద్దున్నే మా నాయనమ్మ, అంటే మా అవ్వ, కట్టెల పొయ్యి రాజేస్తే ముందు పొగ ఆ గదిలోకే వెళ్ళేది. ఆయన దగ్గుకుంటూ బయటికొచ్చి పీటమీద కూర్చునేవాడు. వనిల్లా టీ వాసన, పోపులో వేసిన కరివేపాకు వాసన, ఎండబెట్టిన ఉప్పుచేప వాసన, కోతల కాలంలో అయితే కాలిన చెరకాకు మసి వాసన, ఇవన్నీ కలిసినదే నాకు ఆయన వాసన. ఇంట్లో పిల్లలం మా నాయనమ్మని అవ్వా అని పిలవడం విని ఆయనా అవ్వా అనేవాడు. ఆమె ఆయనకంటే పదేళ్ళు పెద్దదేమో, అంతే. మొదట్లో ఆమెకి కోపం వచ్చిందట. "ఈడి తల నెరిసిపోనాది, నన్ను అవ్వ అంతాడేటి" అని మా నాయనతో అందట. తర్వాత అలవాటైపోయింది. ఆదివారాలు ఆయన వంటింట్లో దూరి పిండి పిసికి, గుడ్డలో చుట్టి, ఆవిరిమీద ఉడికించి వాళ్ళ దేశపు వంట చేసేవాడు. మొదటిసారి తిని అవ్వ, "ఓస్, కుడుమే కదా. బెల్లం మర్చిపోనావు" అందట. ఆ తర్వాత ఆయన బెల్లం వెయ్యకుండా ఎప్పుడూ చెయ్యలేదు.

ఇంకొక సంగతి చెప్పాలి, లేకపోతే తర్వాత జరిగింది అర్థం కాదు. మా ఇంట్లో అందరం మాట్లాడేది ఈ దీవి వాడుకభాష క్రియోల్. నాయన, అమ్మ, నేను, తమ్ముడు చెప్పుకున్న మాటలు ఇక్కడ తెలుగులో రాస్తున్నాను గాని అవన్నీ క్రియోల్‌లో అన్నవే. తెలుగు అవ్వది. మాంటాన్ బ్లాంష్ దగ్గర చెరకుతోటలో, విశాఖపట్నం వైపునుంచి కూలికొచ్చిన తల్లిదండ్రులకి పుట్టింది. ఆమె తెలుగులో అడిగేది, మేం క్రియోల్‌లో జవాబు చెప్పేవాళ్ళం. అందరి ఇళ్ళల్లోనూ అంతే కాబట్టి ఎవరికీ అది వింతగా ఉండేది కాదు. ఆమెకి తెలుగులో జవాబు చెప్పేవాడు ఆ ఇంట్లో ఒక్క ఒతోయే. మా ఇంటికొచ్చాక జ్వరం తిరగబెట్టి పడి ఉన్నప్పుడు పక్కన కూర్చుని ఆమె మాట్లాడిన తెలుగే ఆయన ఈ దీవిలో ముందు నేర్చుకున్న భాష. క్రియోల్ తర్వాత వచ్చింది. రెండూ నెమ్మదిగా, ప్రతి మాటా ముందు నోట్లో పెట్టుకుని రుచి చూసి వదిలినట్టు మాట్లాడేవాడు. అందుకే ఆయన స్వభావతః నెమ్మదస్తుడనీ, మితభాషి అనీ మేమందరం అనుకునేవాళ్ళం.

ఆయన ఉద్యోగం పోర్ట్ లూయీలో ఒక సినిమా హాల్లో. గుమ్మం దగ్గర నల్లకోటు వేసుకుని టిక్కెట్లు చింపేవాడు. మాకు వారానికొకసారి ఉచితంగా ఆట చూపించేవాడు. ఆయన మాత్రం తెర ఉన్న గదిలోకి అడుగుపెట్టేవాడు కాదు. లోపల జనం నవ్వుతున్నప్పుడు తలుపుకి చెవి ఆనించి వినేవాడు. "మీరు రారేం?" అని నేనొకసారి అడిగాను. "నవ్వు ఎక్కడ వస్తుందో తెలిస్తే చాలు, లచ్చిమీ. ఎందుకు వచ్చిందో నేను చెప్పగలను" అన్నాడు. ఆ మాట నాకప్పుడు అర్థం కాలేదు. ఆయన నటుడని మాకు తెలుసు, అంటే అవ్వ చెప్పేది. కాని పక్కింటాయన ఒకప్పుడు గుర్రప్పందాల జాకీ అని చెప్పుకోవడం లాంటిదే అనుకునేవాళ్ళం. పట్టించుకునేవాళ్ళం కాదు.

పట్టించుకున్నది పెద్ద తుఫాను వచ్చిన రోజున. నాకప్పుడు పదేళ్ళు ఉంటాయి. పొద్దుటినుంచీ కిటికీలకి చెక్కలు కొట్టి, బియ్యం, కిరసనాయిలు, నీళ్ళు సర్దుకుని అందరం ముందుగదిలో చేరాం. మధ్యాహ్నానికి గాలి అరుపు ఎంతయిందంటే పక్కనున్న మనిషి మాట వినిపించలేదు. వెనకగది కప్పు ఒక్కసారిగా లేచి ఎగిరిపోయింది. ఆయన గొడుగు, బూట్లు, పుస్తకాలు అన్నీ వానలోకి కొట్టుకుపోయాయి. మా తమ్ముడు గుక్కపట్టి ఏడుస్తున్నాడు, మా అమ్మకీ ఏడుపొస్తోంది. అప్పుడు ఒతో లేచాడు. అన్నం గిన్నె అరచేతిమీద పెట్టుకున్నాడు. తువ్వాలు భుజాన వేసుకున్నాడు. ఆ ఇరుకుగదిలో, మా కాళ్ళమధ్యనుంచి, ఎవరికో భోజనం తెస్తున్నట్టు నడవడం మొదలుపెట్టాడు. ఇల్లు ఊగినప్పుడల్లా ఆయనా ఊగేవాడు, గిన్నె మాత్రం ఊగేది కాదు. గాలి గట్టిగా అరిస్తే, విసుక్కునే కస్టమర్ని చూసినట్టు పైకప్పుని చూసి వంగి దణ్ణం పెట్టేవాడు. ఒక్క మాట లేదు, మాట అంటే వినిపించేదీ కాదు. ముందు తమ్ముడు ఏడుపు ఆపాడు. తర్వాత అమ్మ నవ్వింది. తర్వాత నాయన, ఎప్పుడూ నవ్వని మా నాయన, బల్లకింద కూర్చుని కడుపు పట్టుకున్నాడు. అవ్వ మాత్రం నవ్వలేదు. ఆయన్ని రెప్పవాల్చకుండా చూసింది. గాలి తగ్గాక, "ఈ మడిసి ఇక్కడ టిక్కెట్లు చింపుతన్నాడు" అంది, ఎవరితోనో కాదు, తనలో తను.

ఆ తర్వాతే ఆయన కథ కొద్దికొద్దిగా బయటికొచ్చింది. మంచి మనసులో ఉన్నప్పుడు, పీటమీద కూర్చుని అవ్వకి పప్పు ఏరిపెడుతూ చెప్పేవాడు. బ్రనో అనే ఊళ్ళో చేతితొడుగులు కుట్టే ఆయన కొడుకు. పదిహేడేళ్ళకి ఇంట్లో చెప్పకుండా, ఊరూరా తిరిగే నాటక కంపెనీలో చేరిపోయాడు. మొదటి వేషం శవం. ఆ శవానికి తుమ్ము వచ్చింది, జనం విరగబడి నవ్వారు, కంపెనీ యజమాని మర్నాటినుంచి ఆ తుమ్ముని నాటకంలో పెట్టేశాడు. అలా హాస్యగాడయ్యాడు. తర్వాత ప్రాగ్ నగరంలో పెద్ద నాటకశాల, పగలు సినిమా షూటింగులు, సాయంత్రం నాటకం. వెయిటరు, పోస్టుమాను, కంగారు పెళ్ళికొడుకు, అన్నీ చిన్న వేషాలే. వీధిలో పిల్లలు వెంటపడి ఆయన నడక నడిచేవారట. జర్మన్లు వచ్చాక యూదులు రంగస్థలం ఎక్కకూడదన్నారు. ఒక సాయంత్రం నాటకశాలకి వెళితే గుమ్మం దగ్గర రోజూ దణ్ణం పెట్టే కాపలావాడు తల వంచుకుని తలుపు మూశాడట. ఆయన నది వెంట పడవలో, తర్వాత సముద్రంలో ఓడమీద బయటపడ్డాడు. పాలస్తీనా రేవులో ఆయన్ని మార్చవలసిన ఓడ ఆయన ఎక్కకముందే మునిగిపోయింది. ఇంటికి మాత్రం ఆయన అందులో పోయాడనే కబురు చేరింది. అక్కడివాళ్ళకి ఆయన లేడు. ఆయనకి అక్కడివాళ్ళు లేరు. ఇది చెప్పి పప్పు గిన్నె అవ్వ వైపు తోసి, "రాళ్ళు లేవు, చూసుకోండి" అనేవాడు.

నాకు పదిహేడో ఏడు నడుస్తుండగా సూయజ్ కాలువ మూతపడింది. ప్రపంచంలో ఓడలన్నీ ఆఫ్రికా చుట్టూ తిరిగి మా వైపు రావడం మొదలుపెట్టాయి. పోర్ట్ లూయీ వీధుల్లో ఎప్పుడూ చూడని జెండాల నావికులు కనిపించేవారు. ఒక ఆదివారం మ్యాటినీకి అమ్మా నేనూ వెళ్ళాం. మా ముందు వరసలో ఇద్దరు నావికులు, ఒకడు లావుగా ఉన్నాడు, ఏదో భాషలో గొణుక్కుంటున్నారు. ఒతో చెయ్యి టిక్కెట్టు మీద ఆగిపోయింది. వెనకనుంచి జనం తోస్తున్నారు. ఆయన మెల్లిగా ఒక మాట అన్నాడు. లావుపాటి ఆయన తిరిగి చూసి, మళ్ళీ చూసి, గట్టిగా కేకపెట్టాడు. వెంటనే తన టోపీ అరచేతిమీద నిలబెట్టి, ఆ హాలు గుమ్మంలో, ఆ జనం మధ్యలో, మేం తుఫాను రోజున చూసిన ఆ నడక నడిచి చూపించాడు. అమ్మ నా చెయ్యి పట్టుకుంది. ఒతో తన చేతిలో ఉన్న టిక్కెట్లన్నీ ఆ నావికుడి చేతుల్లో పెట్టేసి గోడకి ఆనుకున్నాడు.

ఆ నావికుడు చెక్ దేశపు సరకుల ఓడలో వంటవాడు. ఊరు బ్రనో. హాలు మేనేజరు గదిలో కూర్చోబెట్టి కాఫీ ఇస్తే గంటసేపు మాట్లాడాడు. సాయంత్రం ఒతో ఇంటికొచ్చి, కోటు కూడా విప్పకుండా వంటింటి గుమ్మంలో నిలబడ్డాడు. "అవ్వా, అతని పెళ్ళాం నాటకశాలలో పని. అక్కడ బట్టలు కుట్టే ఒక అమ్మాయి ఉంది. మా మామయ్య సినిమాల్లో వెయిటరు, సముద్రంలో పోయాడు అని చెబుతుందట. పేరు హనా" అన్నాడు.

"మీ సెల్లి కూతురి పేరేటి?" అంది అవ్వ.

"హనా."

అవ్వ చేతిలో గరిటె పొయ్యిగట్టుమీద పెట్టింది. "మరేటి నిలబడ్డావు? కూకో."

"కాని అది చచ్చిపోయింది, అవ్వా. వాళ్ళు రాశారు. అక్కడ హనా అనే పేరు ఊరంతా ఉంటుంది. నేను నమ్మను. నమ్మి, మళ్ళీ కాదంటే నేను..." తెలుగు మాట దొరక్క ఆగిపోయాడు. క్రియోల్ మాట కూడా దొరకలేదు. అవ్వ లేచివెళ్ళి ఆయన కోటు విప్పింది. "నమ్మకు. తిను. నమ్మడం నాను సూసుకుంతాను" అంది. మర్నాడు పొద్దున్నే అమ్మోరి గుడికి వెళ్ళి మొక్కుకుని వచ్చింది.

ఇప్పుడు మా మనవడు ఒక పేరు ఫోన్‌లో కొట్టి, భోజనం అరిగేలోపల ప్రపంచంలో ఎక్కడున్నవాణ్ణయినా పట్టుకొస్తాడు. అప్పుడు ఒక ఓడ వెళ్ళి రావాలి. నెలలు పట్టింది. ఆ నెలలన్నీ ఒతో యథాప్రకారం టిక్కెట్లు చింపాడు, పప్పు ఏరాడు, బెల్లం వేసి కుడుములు చేశాడు, ఆ సంగతి మాత్రం ఎత్తలేదు. మేం ఎత్తబోతే అవ్వ కళ్ళతోనే ఆపేది. చివరికి ఆ వంటవాడే మా ఇల్లు వెతుక్కుంటూ వచ్చాడు. బస్సులో వచ్చి, దారి అడుక్కుంటూ, చెమటలు కక్కుతూ. జేబులోంచి ఒక ఫొటో తీసి ఒతోకి ఇచ్చాడు. ఒతో దాన్ని వెలుగువైపు తిప్పి చూశాడు. "ఇది మా చెల్లెలు" అన్నాడు తెలుగులో, అవ్వతో. మళ్ళీ చూశాడు. "కాదు. మా చెల్లెలికి ఈ వయసు రాలేదు" అన్నాడు. అప్పుడు ఏడ్చాడు. ఇరవయ్యేళ్ళలో అవ్వ కూడా చూడని ఏడుపు. చెల్లెల్ని జర్మన్లు పట్టుకుపోయే ముందురోజు, నాటకశాలలో బట్టలు కుట్టే ఒకామె ఆ పిల్లని తన సొంత ఊరు తీసుకెళ్ళి, తన ఇంటిపేరు పెట్టి పెంచిందట. అందుకే ఎవరు వెతికినా దొరకలేదు. పెంచిన ఆమె నేర్పిన పనే హనా చేస్తోంది.

హనా వచ్చింది మా దేశానికి స్వాతంత్ర్యం రాబోతున్న రోజుల్లో. ఆ ఏడాది మొదట్లో పోర్ట్ లూయీలో గొడవలు జరిగి, వీధుల్లో ఇంగ్లీషు సిపాయిలు తిరిగేవారు. ఏం జరుగుతుందోనని భయపడి ఎన్నో కుటుంబాలు ఆస్ట్రేలియాకో ఫ్రాన్సుకో వెళ్ళిపోతున్నాయి. మహేబోర్గ్ దగ్గరి విమానాశ్రయానికి మేం చిన్నాన్న వ్యానులో వెళ్ళేసరికి అక్కడంతా వెళ్ళేవాళ్ళే, వాళ్ళని పట్టుకుని ఏడ్చేవాళ్ళే. ఎవరో వస్తున్నారని ఎదురుచూసేది మేమొక్కళ్ళమే అనిపించింది. ఒతో కొత్త చొక్కా వేసుకున్నాడు, అవ్వ ఇస్త్రీ చేసినది. హనా గోధుమరంగు కోటు చేతిమీద వేసుకుని, ఎండకి కళ్ళు చికిలించుకుని బయటికొచ్చింది. గుంపులోంచి ఆయన్నే చూసింది. నాలుగైదు అడుగుల దూరంలో ఆగి, చిన్నపిల్లలు పిలిచే గొంతుతో ఒక్క మాట పిలిచింది. అది వాళ్ళ భాషలో మామయ్య అనే మాటని తర్వాత తెలిసింది. ఒతో ఉన్నచోటే నేలమీద కూలబడ్డాడు. ఆమె పరుగెత్తుకొచ్చి పక్కనే కూర్చుంది. ఇద్దరూ అలాగే కూర్చున్నారు, సామాన్ల బళ్ళు వాళ్ళ చుట్టూ తిరిగి పోతున్నాయి.

ఆ సాయంత్రం మా వంటింట్లో జరిగింది నేను ఎన్నటికీ మరిచిపోలేను. పీటలమీద ఎదురెదురుగా కూర్చున్నారు. ముందు నెమ్మదిగానే మొదలైంది. తర్వాత ఒతో గొంతు మారింది. మాటలు ఒకదాన్నొకటి తోసుకుంటూ, గలగలా, కుళాయి విప్పినట్టు. చేతులు తిప్పుతున్నాడు, గొంతు మార్చి ఎవరినో అనుకరిస్తున్నాడు, హనా నవ్వు ఆపుకోలేక స్తంభం పట్టుకుంటోంది, ఆయన ఇంకా వేగం పెంచుతున్నాడు. ఒక్క ముక్క అర్థం కాకుండానే మేమూ నవ్వుతున్నాం. ఈయన గొప్ప మాటకారి. ఇరవయ్యేళ్ళుగా మా ఇంట్లో ఉన్న నెమ్మదస్తుడు అసలు ఈయన కాడు. మా భాషల్లో దొరికిన కాసిన్ని మాటలతో సరిపెట్టుకున్న మనిషి మాత్రమే మాకు తెలుసు. అవ్వ పొయ్యి దగ్గర చెంప మీద చెయ్యి పెట్టుకుని, "ఈ మడిసికి ఇన్ని మాటలున్నాయేటి!" అంది.

తర్వాత రోజుల్లో హనా ఒకటే అడుగుతోందని ఒతో ముఖం చూస్తేనే తెలిసేది. తనతో వచ్చెయ్యమని. అక్కడిప్పుడు ప్రభుత్వం కాస్త మెత్తబడిందట, నాటకశాలవాళ్ళు ఆయన పేరు విని, ముసలి వేషాలకి మనిషి కావాలన్నారట. ఆయన వద్దనేవాడు. ఒక మధ్యాహ్నం నేను తలదువ్వుకుంటూ గడపలో కూర్చుని ఉండగా, అవ్వకి పప్పు ఏరిపెడుతూ తనే అన్నాడు. "అక్కడ ప్రతి వీధిలో ఎవరో ఒకరు లేరు, అవ్వా. మా అమ్మ లేదు, చెల్లెలు లేదు, స్నేహితులు లేరు. నేను ఆ వీధుల్లో ఎలా నడవను? అరవై దాటింది. నోరు తుప్పు పట్టింది. ఇక్కడ మీరున్నారు."

"నోరు తుప్పు పట్టలేదు. నాను ఇన్నాను కదా" అంది అవ్వ. "మా అమ్మ ఆ తోటలో సచ్చిపోయేదాకా ఊరు ఊరు అని కలవరించేది. ఓడెక్కి ఎల్లిపోదామనేది. ఎల్లలేదు. నాను ఆ ఊరు సూడనేదు, సూడను కూడాను. నీకు పిలిసేవోళ్ళు ఒచ్చేరు. నీ మాట తెలిసినోళ్ళున్న సోటికి ఎల్లు బాబూ."

"మరి మీతో తెలుగు ఎవరు మాట్లాడతారు?"

అవ్వ నవ్వింది. "అమ్మోరు ఉంది. ఆవిడకి నా బాసే వొచ్చు" అంది.

ఆ మాటకి ఒతో పప్పు గిన్నె కింద పెట్టి ఆమె చేతులు రెండూ తన కళ్ళకి అద్దుకున్నాడు. నేను దువ్వెన పట్టుకుని అలాగే ఉండిపోయాను. అవ్వ ఇస్తున్నది ఏమిటో నాకు ఆ క్షణంలో తెలిసింది. ఆమె తెలుగుకి ఈ ఇంట్లో ఉన్న ఒకేఒక్క తోడు ఆయనే, ఆ తోడుని తనే సాగనంపుతోంది.

జెండా మారిన రోజున మేమందరం కలిసే పోర్ట్ లూయీ మైదానానికి వెళ్ళాం. జనం, ఎండ, వేయించిన గాతో పిమాఁ వడల వాసన, బ్యాండు మేళం. ఇంగ్లీషు జెండా దిగి మా నాలుగు రంగులది ఎగురుతుంటే మా నాయన టోపీ తీసి నిలబడ్డాడు. పక్కనే ఒతో కూడా. భయపడినవేవీ జరగలేదు. సాయంత్రం అందరం క్షేమంగా బస్సెక్కి ఇంటికొచ్చి కాళ్ళు కడుక్కున్నప్పుడు, ఊరు ఊరంతా ఒక్కసారి ఊపిరి వదిలినట్టు అనిపించింది. కొద్దిరోజులకే ఒతో, హనా విమానమెక్కారు. అవ్వ విమానాశ్రయానికి రాలేదు. ఇంటి గుమ్మంలోనే ఆయన నుదుట విభూతి పెట్టి, దారికి బెల్లం కుడుములు కట్టి ఇచ్చింది.

ఆ తర్వాత సంగతులు మాకు అప్పుడప్పుడు హనా రాసేది. ఆ ఏడాదే వాళ్ళ దేశంలోకి రష్యా ట్యాంకులు వచ్చాయని రేడియోలో విని రెండు వారాలు మాకు అన్నం సయించలేదు. "మేం బాగున్నాం, నాటకం ఆగలేదు" అని కబురు వచ్చాక అవ్వ అమ్మోరికి కొబ్బరికాయ కొట్టింది. ఒతో ఇంకో పదేళ్ళు బతికాడు. తాతలు, వైద్యులు, మతిమరపు రాజులు, ఒకటేమిటి, అన్నీ వేశాడు. మొదటిరోజు రంగంమీదికి అడుగుపెట్టగానే, పాతవాళ్ళెవరో గుర్తుపట్టి చప్పట్లు మొదలుపెడితే చాలాసేపు ఆగలేదట. ఆ చప్పట్లలో ఆయన తన మొదటి మాట మరిచిపోయాడట. తెరచాటునుంచి హనా అందించిందట. చివరి శీతాకాలం వరకూ వేషం కట్టి, ఒక మధ్యాహ్నం భోజనం చేసి పడుకుని లేవలేదు. తలుపు మూసేసిన దేశంలోనే మళ్ళీ తలుపు తీయించుకుని, నలుగుర్నీ నవ్వించి పోయాడు. ఆయన్ని తలుచుకుంటే నాకు దుఃఖం రాదు. హమ్మయ్య అనిపిస్తుంది.

కాని ఇవన్నీ తర్వాతివి. ఆయన వెళ్ళిన సాయంత్రం మేం విమానాశ్రయంనుంచి తిరిగొచ్చేసరికి అవ్వ వంటింట్లో ఒక్కతే కూర్చుని ఉంది. ముందు పప్పు చేట ఉంది, ఏరడంలేదు. నాయన, అమ్మ క్రియోల్‌లో ఏదో అడిగి, జవాబు రాకపోతే లోపలికి వెళ్ళిపోయారు. నేను గుమ్మంలో నిలబడ్డాను. వారానికి రెండు సాయంత్రాలు గుడి పక్క బడిలో మాస్టారి దగ్గర తెలుగు అక్షరాలు నేర్చుకుంటూనే ఉన్నాను. చదవగలను, రాయగలను, భజనలో పద్యం పాడగలను. నోరు తెరిచి ఒక మనిషితో మాత్రం ఎన్నడూ మాట్లాడలేదు. మనసులో ఒక వాక్యం కూర్చుకుని, రెండుసార్లు సరిచూసుకుని, ఆమె ఎదురుగా పీటమీద కూర్చున్నాను.

"అవ్వా, తమరు భోజనము చేసితిరా?" అన్నాను.

అవ్వ తలెత్తి నన్ను ఒక్క క్షణం తేరిపార చూసింది. తర్వాత పకపకా నవ్వడం మొదలుపెట్టింది. చేట పక్కకి జరిపి, కళ్ళనీళ్ళు తుడుచుకుంటూ నవ్వింది. "ఏటే, నాటకంలో రాజులాగ మాట్లాడతన్నావు! తిన్నావా అనాలి. తిన్నావా అవ్వా, అను."

"తిన్నావా, అవ్వా?"

"నేదే" అంది. చెయ్యి చాచి నన్ను దగ్గరికి లాక్కుంది. "రా, ఇద్దరం తిందాం. తింటూ మాట్లాడుకుందాం."